ఎర్ర గీత నుంచి ఏడడుగుల వరకు: మా వీధి విస్తరణలో అందిన సేవలపై సమీక్ష

విజయనగరం జిల్లాలోని ఒక పురపాలక సంఘం మా వీధిని 50 అడుగులకు వెడల్పు చేయడానికి పూనుకొని ఇప్పటికి 16 నెలలయింది. ఈ కాలంలో స్థలం కోల్పోయే యజమానులుగా మా కుటుంబానికి ఆ కార్యాలయం నుంచి అందిన సేవను, మేము సొంత డబ్బుతో పెట్టుకున్న ఒక లైసెన్సు సర్వేయరు పనిని, మా అమ్మ పేరున ఉచితంగా దొరికిన న్యాయ సహాయాన్ని ఇక్కడ సమీక్షిస్తున్నాను. ఊరి పేరు, అధికారుల పేర్లు, సర్వేయరు పేరు రాయడం లేదు. వీరిలో చాలామంది మాతో మర్యాదగానే మెలిగారు. ముందు జరగవలసిన పని వెనుక, వెనుక జరగవలసిన పని ముందు జరగడమే మా ఇబ్బందులకు మూలం. అసలు వరుస ఏదో మాకు మొదటే తెలిసి ఉంటే నాలుగు నెలలు ఊరికే తిరిగేవాళ్లం కాము. రోడ్డు పక్కన ఇల్లో, కొట్టో, ఖాళీ స్థలమో ఉన్నవారికి పనికి వస్తుందని ఇంత వివరంగా రాస్తున్నాను.

రోడ్డు వెడల్పు కావాలని కోరుకున్నవారిలో మేమూ ఉన్నాం. ధాన్యం లారీ ఒకటి మిల్లు వైపు తిరిగితే స్కూలు ఆటోలు అరగంట కదలవు. రెండేళ్ల కిందట వీధి చివరి ఇంట్లో ఒక పెద్దాయనకు గుండెనొప్పి వస్తే 108 బండిని మలుపు దగ్గరే ఆపి, ఆయనను స్ట్రెచరు మీద మోసుకొచ్చి ఎక్కించారు. కాబట్టి స్థలం ఇవ్వడానికి మాకు అభ్యంతరం లేదు. ఎంత ఇవ్వాలి, ఏ కొలత ప్రకారం ఇవ్వాలి, దానికి బదులు మాకు ఏమి వస్తుంది అన్న మూడు ప్రశ్నలకు కాగితం మీద జవాబు కావాలని మాత్రమే అడిగాం.

ముందుగా నోటీసు సంగతి. సంక్రాంతి వెళ్లిన వారంలో ఒక ఉదయం అమ్మ కళ్లాపి చల్లి ముగ్గు వేస్తుండగా ఒక ఉద్యోగి, ఇద్దరు కుర్రాళ్లు వచ్చారు. టేపు ఒక కొసను తారు రోడ్డు నడుమ కాలితో తొక్కి పట్టి, రెండో కొసను మా అరుగు మీదుగా సావిట్లోకి లాగారు. టేపు బిగువుగా లేదు, మధ్యలో బట్టలారేసే తాడులా కిందికి వేలాడుతోంది. 25 అడుగుల దగ్గర సావిడి గోడ మీద ఎర్ర రంగుతో నిలువు గీత గీసి, పక్కన బాణం గుర్తు వేశారు. “ఇదేటి బాబూ, గోడ మీద ఈ రంగేటి?” అని అమ్మ అడిగింది. “రోడ్డు ఇక్కడిదాకా వస్తాదమ్మా, తొమ్మిది అడుగులు పోతాది, మిగతాది ఆఫీసుకొచ్చి కనుక్కోండి” అని చెప్పి వాళ్లు పక్కింటికి వెళ్లారు. అంతకు ముందు గాని, ఆ తరువాత నెలరోజుల్లో గాని చేతికి ఒక్క కాగితం రాలేదు.

మా ఇంటి ముఖం 31 అడుగులు. 9 అడుగుల లోతుకు లెక్కవేస్తే 279 చదరపు అడుగులు, అంటే సరిగ్గా 31 గజాలు. అరుగు 4 అడుగులు పోగా సావిడిలో మరో 5 అడుగులు పోతుంది. మాది పాత పెంకుటిల్లు. సావిడి దూలాన్ని మోసే టేకు స్తంభం అరుగు అంచు నుంచి 8 అడుగుల లోతున ఉంది. గీత 9 అడుగుల దగ్గర ఉంటే ఆ స్తంభం పోతుంది, స్తంభం పోతే దూలం నిలవదు, దూలం నిలవకపోతే ముందు భాగం పైకప్పంతా దించవలసి వస్తుంది. ఒకటి రెండు అడుగులు అటూ ఇటూ అయితే ఏమవుతుందని కార్యాలయంలో ఒకరు మమ్మల్ని అడిగారు. మా ఇంటికి సంబంధించినంత వరకు ఇల్లు నిలవడమా, కూలడమా అన్నది ఆ ఒకటి రెండు అడుగుల్లోనే ఉంది.

కార్యాలయానికి వెళ్లిన మొదటి మూడు సార్లు మాకు దొరికినవి మాటలు మాత్రమే. మాస్టర్ ప్లానులో 50 అడుగులని ఉందని చెప్పారు, కాని ప్లాను నకలు ఇవ్వలేదు. ఇప్పుడున్న రోడ్డు వెడల్పు రికార్డు ప్రకారం ఎంత అని అడిగితే, సైటులో కొలిచామని జవాబిచ్చారు. ఆస్తి హక్కు ఇప్పుడు ప్రాథమిక హక్కు కాదని ఒకాయన హితబోధ కూడా చేశారు. ఆ మాట నిజమే. 44వ రాజ్యాంగ సవరణతో 1979 జూన్ 20 నుంచి ఆస్తి హక్కు ప్రాథమిక హక్కుల్లోంచి తొలగిపోయింది. అయితే అదే సవరణ రాజ్యాంగంలో 300-ఏ అధికరణాన్ని చేర్చింది. చట్టం ఇచ్చిన అధికారంతో తప్ప ఎవరి ఆస్తినీ వారి నుంచి తీసుకోరాదని ఆ అధికరణం చెబుతుంది. మాస్టర్ ప్లాను మీద గీసిన గీత రోడ్డు ఎంత వెడల్పు కావాలో చెబుతుంది గాని, ఆ గీత కింద ఉన్న ఇంటిని దానంతట అదే పురపాలక సంఘానికి రాసి ఇచ్చేయదు.

ఈ అధికరణాన్ని సుప్రీంకోర్టు 2024 మే 16న కోల్‌కతా నగరపాలక సంస్థకు సంబంధించిన కేసులో ఎంతో వివరంగా విప్పి చెప్పింది. యజమానికి ముందుగా నోటీసు ఇవ్వాలి, అభ్యంతరం వినాలి, కారణాలు చూపే నిర్ణయం చేయాలి, ప్రజా ప్రయోజనం కోసమే సేకరించాలి, న్యాయమైన పరిహారం ఇవ్వాలి, జాప్యం లేకుండా నిర్ణీత కాలంలో పని నడపాలి, చివరికి స్వాధీనంతో ఆ ప్రక్రియను ముగించాలి అని ఆ తీర్పు సారాంశం. ఈ ఏడింటిలో ఏది లోపించినా సేకరణ చట్టబద్ధమని చెప్పుకోవడం కష్టం.

మా పనికి సూటిగా అక్కరకు వచ్చిన తీర్పు మాత్రం అదే ఏడాది నవంబరు 6న వచ్చింది. ఉత్తరప్రదేశ్‌లోని మహరాజ్‌గంజ్‌లో రోడ్డు వెడల్పు కోసమని 2019లో ఒక పూర్వీకుల ఇంటిని కూల్చారు. ఆక్రమణ ఉందనుకున్నా అది 3.70 మీటర్లకు మించదని, కూల్చింది మాత్రం 5 నుంచి 8 మీటర్ల మేరకని విచారణలో తేలింది. యజమానికి 25 లక్షల రూపాయలు చెల్లించాలని సుప్రీంకోర్టు ఆదేశించి, అంతటితో ఊరుకోక, రోడ్డు విస్తరణలో అధికారులు ఏ పని తరువాత ఏ పని చేయాలో కూడా నిర్దేశించింది. ముందుగా రికార్డుల ప్రకారం, పటాల ప్రకారం ఇప్పుడున్న రోడ్డు వెడల్పు ఎంతో నిర్ధారించాలి. ఆ రికార్డును బట్టి నేల మీద సర్వే చేసి ఆక్రమణ ఉందో లేదో చూడాలి. ఉంటే వారికి రాతపూర్వకంగా నోటీసు ఇవ్వాలి, అభ్యంతరం చెబితే కారణాలతో ఉత్తర్వు ఇవ్వాలి, తోసిపుచ్చినా తొలగించుకోవడానికి తగిన గడువు ఇవ్వాలి. ఉన్న రోడ్డు, దాన్ని ఆనుకొని ఉన్న ప్రభుత్వ స్థలం కలిపినా విస్తరణకు చాలకపోతే, పని మొదలుపెట్టే ముందే చట్టప్రకారం భూమి సేకరించాలి.

ఈ వరుసను మా వీధిలో జరిగిన దాని పక్కన పెట్టి చూడండి. మొదట రావలసిన రికార్డు మా వీధిలో చివరికి గాని రాలేదు. చివర రావలసిన ఎర్ర గీత మొదటి రోజే గోడ ఎక్కింది. కార్యాలయం సేవకు నేను తక్కువ విలువ కట్టడానికి ఇదే ప్రధాన కారణం.

రికార్డు దగ్గర మన ప్రాంతానికి ఒక ప్రత్యేకమైన చిక్కు ఉంది. విజయనగరం, బొబ్బిలి వంటి జమీందారీల కింద ఉన్న ఊళ్లు 1948 నాటి ఎస్టేట్ల రద్దు చట్టం తరువాతనే రైత్వారీ పద్ధతిలోకి (జమీందారు లేకుండా రైతుకు, ప్రభుత్వానికి నేరుగా సంబంధం ఉండే పద్ధతిలోకి) వచ్చాయి. అందువల్ల చాలా పాత ఇళ్లకు పట్టా కాగితాలు ఉండవు. మా తాతగారి కాలపు క్రయ దస్తావేజులో గజాల లెక్క లేదు, నాలుగు వైపులా చెక్కుబందీ మాత్రమే ఉంది. తూర్పున సర్కారు రస్తా అని రాశారు. ఆ రస్తా ఎన్ని అడుగులో దస్తావేజు చెప్పదు. ఇటువంటి ఇంటి వారు రోడ్డుకు, తమ స్థలానికి మధ్య హద్దు ఎక్కడో రుజువు చేయాలంటే ఊరి సర్వే పటాన్నే ఆశ్రయించాలి. మేము సమాచార హక్కు చట్టం కింద దరఖాస్తు పెట్టి మాస్టర్ ప్లానులో మా వీధి భాగం, టౌన్ సర్వే పటం, టౌన్ సర్వే రిజిస్టరులో మా ఇంటి నంబరు, ఎదుటి ఇంటి నంబరు ఉన్న పేజీలు అడిగాం. ఆ చట్టం ఇచ్చే గడువు 30 రోజులు. మాకు 27వ రోజున ధ్రువీకరించిన నకళ్లు అందాయి. నోటి మాటగా మూడు సార్లు అడిగినా దొరకనిది ఒక్క రాత దరఖాస్తుతో దొరికింది. ఈ ఒక్క విషయంలో కార్యాలయాన్ని మనస్ఫూర్తిగా మెచ్చుకుంటాను. నకళ్లు స్పష్టంగా ఉన్నాయి, ప్రతి పేజీ మీద ముద్ర, సంతకం ఉన్నాయి.

ఆ నకళ్లు పట్టుకొని లైసెన్సు సర్వేయరు దగ్గరకు వెళ్లాం. ఆయన రెండు రోజుల పనికి 8,500 రూపాయలు తీసుకున్నారు. రావడానికి వారం ఆలస్యం చేశారు, స్కెచ్చును మీటర్లలో గీసి ఇచ్చారు కనుక అడుగుల్లోకి మార్చి మళ్లీ రాయమని అడగవలసి వచ్చింది. ఈ రెండు లోపాలు తప్ప ఆయన పనిలో వంక పెట్టడానికి ఏమీ లేదు. మొదటి రోజు ఆయన మా గోడ వైపు చూడనే లేదు. పటంలో వీధి మూల దగ్గర ఒక సర్వే రాయి గుర్తు ఉంది, అది ఎక్కడని వెతకడం మొదలుపెట్టారు. కాలువ మీది పలకలు రెండు లేపించి, బురద తీయించి, గునపంతో తడిమి చూస్తే అడుగున రాయి తగిలింది. నీళ్లు పోసి కడిగితే దాని తల మీద చెక్కిన గుర్తు కనిపించింది. ఆ రాయి నుంచి టోటల్ స్టేషన్ అనే సర్వే పరికరం పెట్టి కొలతలు తీశారు.

తేలింది ఏమిటంటే, రికార్డు ప్రకారం మా వీధి వెడల్పు 36 అడుగులు, నేల మీద ఉన్నది 32. మా అరుగు అంచు సరిగ్గా హద్దు మీదనే ఉంది. ఎదుటి వైపు 4 అడుగులు లోపలికి వచ్చింది. ఎదుటి ఇంటివారు చేసిన పని కాదిది. వారు కొనుక్కోక ముందే ఎవరో కాలువ మీద అరుగు కట్టి, తరువాత దాన్నే గదిగా మార్చారు. రోడ్డు అటునుంచి ఇటు జరిగింది కనుక తారు కూడా మా వైపుకు జరిగింది, తారు నడుమ నుంచి కొలిచిన టేపు కూడా మా వైపుకు జరిగింది. రికార్డులోని రోడ్డుకు నడుమ గీత మా అరుగు నుంచి 18 అడుగుల దూరంలో ఉంటుంది, 16 అడుగుల దూరంలో కాదు. అక్కడి నుంచి 25 అడుగులు కొలిస్తే మా దగ్గర పోవలసింది 7 అడుగులు. 279 చదరపు అడుగులకు బదులు 217, అంటే 31 గజాలకు బదులు 24 గజాల పైచిలుకు. టేకు స్తంభానికి ఒక అడుగు ఇవతలే గీత ఆగిపోతుంది. సర్వేయరు ఆ లెక్క పలక మీద సుద్దతో రాసి చూపిస్తుంటే అమ్మ లెక్కను చూడలేదు, లేచి వెళ్లి ఆ స్తంభాన్ని ఒకసారి చేత్తో తడిమి వచ్చింది.

ప్రైవేటు సర్వేయరు స్కెచ్చు మన వాదానికి బలమే గాని, ప్రభుత్వ రికార్డు కాదు. అందుకని ఆయనే సలహా ఇచ్చి హద్దుల నిర్ధారణ కోసం ఎఫ్-లైన్ దరఖాస్తు కూడా పెట్టించారు. ప్రభుత్వ సర్వేయరు వచ్చి కొలిచినప్పుడు ఎదుటి ఇంటివారిని కూడా పిలిచి, అందరి ఎదుట కొలవమని కోరాం. తేడా రెండంగుళాలకు మించి రాలేదు.

ఇక సమ్మతి పత్రం. స్థలం కోల్పోయేవారు అందరికంటే జాగ్రత్తగా చూడవలసినది ఇదేనని నా అభిప్రాయం. మా వీధిలో దాదాపు అందరికీ ఒకే రకం అచ్చు కాగితం ఇచ్చారు. “నాకు చెందిన ………… చదరపు గజాల స్థలాన్ని రోడ్డు విస్తరణ నిమిత్తం నా ఇష్టపూర్వకంగా, ఎటువంటి నగదు పరిహారం కోరకుండా అప్పగిస్తున్నాను” అని అందులో ఉంది. గజాలు రాయవలసిన చోటు ఖాళీగా ఉంది, సంతకం పెట్టవలసిన చోట మాత్రం పెన్సిలుతో టిక్కు పెట్టి ఉంది. ఖాళీలు ఆఫీసులో నింపుకుంటామన్నారు. మా వీధిలో కొందరు అలాగే సంతకం పెట్టి ఇచ్చారు. తరువాత ఎవరైనా అభ్యంతరం చెబితే, మీరే ఇష్టపూర్వకంగా ఇచ్చారు కదా అని ఆ కాగితమే ఎదురు వచ్చి నిలుస్తుంది. ఖాళీ ఉన్న సమ్మతి పత్రం మీద సంతకం పెట్టవద్దని, పెట్టే ముందు నకలు తీసుకొని ఇంటికి తెచ్చి చదువుకోమని నేను ప్రతి ఒక్కరినీ బతిమాలి చెబుతాను.

సమ్మతి ఇచ్చినవారికి నగదుకు బదులు టీడీఆర్ (నిర్మాణ హక్కు బదిలీ) బాండు ఇస్తామన్నారు. వదులుకున్న స్థలానికి బదులుగా అదనపు నిర్మాణ హక్కు ఇవ్వడం, దాన్ని యజమాని తానే వాడుకోవడమో, అంతస్తులు కట్టుకునే మరొకరికి అమ్ముకోవడమో చేయడం ఈ బాండు పద్ధతి. స్థలాన్ని పురపాలక సంఘానికి రిజిస్టరు గిఫ్టు డీడుగా రాసి ఇవ్వాలి. 2017 నాటి ఆంధ్రప్రదేశ్ భవన నిర్మాణ నియమావళిలో ఈ అవకాశం ఉంది. బాండు వద్దనుకొని, మిగిలిన స్థలంలో కొత్త ఇల్లు కట్టుకునేవారు ఖాళీ వదలవలసిన కొలతల్లో సడలింపు తీసుకునే వీలు కూడా ఉంది. పెద్ద నగరంలో, అపార్టుమెంట్లు లేచే చోట బాండుకు గిరాకీ ఉంటుంది. మా వంటి చిన్న పట్టణంలో రెండంతస్తులకు మించి కట్టేవారే అరుదు, అటువంటి చోట బాండు కొనేవారిని వెతుక్కుంటూ 70 ఏళ్లు దాటిన మా అమ్మ ఎక్కడికి వెళ్తుంది? వెంటనే ఇల్లు పడగొట్టి కట్టుకునే ఉద్దేశం ఉన్న కుటుంబానికి సడలింపు లాభమే. ఉన్న ఇంట్లోనే ఉండాలనుకునేవారికి నగదు పరిహారమే మేలని నాకు తోచింది, మేము దాన్నే కోరుకున్నాం.

నగదు పరిహారం అంటే 2014 జనవరి 1 నుంచి అమలులో ఉన్న 2013 నాటి భూసేకరణ చట్టమే. ఇందులో ముందుగా సెక్షన్ 11 కింద ప్రాథమిక ప్రకటన వస్తుంది, దాని మీద 60 రోజుల్లో అభ్యంతరం రాతపూర్వకంగా ఇవ్వవచ్చు. జాతీయ రహదారి కోసం తీసుకునేటప్పుడు 1956 నాటి వేరే చట్టం వర్తిస్తుంది, అక్కడ గడువు 21 రోజులే. శ్రీకాకుళం, టెక్కలి, పలాస మీదుగా పోయే 16వ నంబరు జాతీయ రహదారి పక్కన ఉన్నవారు ఈ తేడా మరవకూడదు. పరిహారంలో స్థలం మార్కెట్ విలువకు దాని మీది కట్టడం విలువ కలుపుతారు, ఆ మొత్తానికి సమానంగా మరో నూరు శాతం సొలేషియం (ఆస్తి పోతున్నందుకు ఊరటగా ఇచ్చే సొమ్ము) ఇస్తారు. స్థలం విలువ మీద ఏడాదికి 12 శాతం చొప్పున అదనపు మొత్తం వేరుగా ఉంటుంది. ఉదాహరణకు గజం 12,000 రూపాయలని నిర్ణయించారనుకుంటే, 24 గజాలకు 2,88,000, సొలేషియంతో 5,76,000, కట్టడం లెక్క దానికి అదనం. రిజిస్ట్రేషన్ శాఖ పుస్తకంలో ఉన్న విలువను, చుట్టుపక్కల ఇటీవల జరిగిన క్రయాల సగటును పోల్చి, ఎక్కువగా ఉన్నదాన్ని తీసుకోవాలని చట్టం చెబుతుంది. అందుకే మా వీధిలో గత మూడేళ్లలో జరిగిన అమ్మకాల నకళ్లు నాలుగింటిని రిజిస్ట్రారు కార్యాలయం నుంచి తీసుకొని అభ్యంతరానికి జతపరిచాం. పరిహారం పూర్తిగా చెల్లించిన తరువాతనే స్వాధీనం తీసుకోవాలని సెక్షన్ 38 చెబుతుంది. ముందు గోడ తీసేయండి, డబ్బు వెనుక వస్తుంది అన్న మాటకు చట్టంలో చోటు లేదు.

చాలామందికి తెలియని మరో సెక్షన్ 94. ఇంటిలో గాని, మరే భవనంలో గాని కొంత భాగమే తీసుకుంటామని అధికారులు అన్నప్పుడు, మొత్తం తీసుకోండి అని కోరే హక్కు యజమానికి ఉంది. మా పక్కన 10 అడుగుల లోతు కొట్టు ఒకటి ఉంది. 7 అడుగులు పోతే మిగిలే మూడడుగుల్లో బల్ల కూడా పట్టదు. ఆ యజమానికి ఈ సెక్షన్ గురించి మేము చెప్పేదాకా ఎవరూ చెప్పలేదు. ఆ కొట్టులో అద్దెకు ఉండి కుట్టుమిషను మీద బతికే దర్జీ ఆరేళ్లుగా అక్కడే ఉన్నాడు. జీవనాధారం పోయేవారిని కూడా కొన్ని షరతులతో బాధిత కుటుంబాలుగా ఈ చట్టం గుర్తిస్తుంది. కాని మా వీధి జాబితాలో అద్దెదారుల పేరు ఒక్కటి కూడా లేదు. ఇది పెద్ద లోపం, నేను రాసిన అభ్యంతరంలో దీన్నీ చేర్చాను.

ఈ కాగితాలన్నీ రాయడానికి మాకు అండగా నిలిచింది జిల్లా న్యాయ సేవాధికార సంస్థ. 1987 నాటి న్యాయ సేవాధికార సంస్థల చట్టం ప్రకారం స్త్రీలకు ఆదాయంతో పని లేకుండా ఉచిత న్యాయ సహాయం అందుతుంది. ఇల్లు అమ్మ పేరున ఉంది కనుక దరఖాస్తు ఆమె పేరునే పెట్టాం. మాకు కేటాయించిన న్యాయవాది మా కాగితాలన్నీ ముందు తేదీల వారీగా పేర్పించి, ఏ కాగితం దేనికి రుజువో ఒక్కొక్కదాని వెనుక పెన్సిలుతో రాశారు. అభ్యంతరాన్ని రెండు పేజీలకు కుదించారు. నేను రాసుకున్నది ఏడు పేజీలు. అందులో ఐదు పేజీలు నా ఆవేదనే అని ఆయన మెల్లగా చెప్పినప్పుడు నొచ్చుకున్నాను గాని, విచారణ రోజున ఆ రెండు పేజీల విలువ తెలిసింది.

ఆ విచారణ గురించి మంచి మాట రాయాలి. అమ్మకు కుర్చీ వేయించి, స్కెచ్చును బల్ల మీద పరిపించి, రాయి ఎక్కడ దొరికిందో వేలితో చూపించమని విచారణ అధికారి అడిగారు. ఎదుటి ఇంటివారి మాట కూడా విన్నారు. వారి 4 అడుగుల సంగతి బయటపడినందుకు మా మీద కోపం ఉండవచ్చని భయపడ్డాం. ఆక్రమణ అని తేలినా వారికీ నోటీసు, గడువు ఇవ్వవలసిందే అని అమ్మే ముందుగా అడగడంతో ఆ బిగువు కొంత సడలింది. మూడు వారాల తరువాత కారణాలతో కూడిన ఉత్తర్వు ఒక పేజీ వచ్చింది. రికార్డులోని 36 అడుగుల వెడల్పునే ఆధారంగా తీసుకోవాలని, నడుమ గీతను ఆ ప్రకారం మార్చాలని, వీధి పొడవునా మళ్లీ మార్కింగు చేయాలని అందులో రాశారు. మొదటి రోజు నుంచి ఈ శ్రద్ధ చూపి ఉంటే ఈ సమీక్షలో సగం రాయవలసిన అవసరమే ఉండేది కాదు.

నా లెక్కలో లైసెన్సు సర్వేయరు పనికి ఐదుకు నాలుగున్నర, న్యాయ సహాయానికి ఐదుకు ఐదు, పురపాలక కార్యాలయానికి ఐదుకు రెండు ఇస్తాను. ఆ రెండూ నకళ్లు ఇచ్చినందుకు ఒకటి, విచారణ జరిపిన తీరుకు ఒకటి. ఖాళీ సమ్మతి పత్రాలు పంచడం ఆపి, ఇప్పటికే తీసుకున్నవాటిని యజమానులకు తిరిగి ఇచ్చి, కొత్త కొలతతో గజాలు నింపిన కాగితాలు ఇస్తే మూడో మార్కు సంతోషంగా కలుపుతాను.

ఈ రోజుకు పరిస్థితి ఇది. సావిడి గోడ మీద పాత ఎర్ర గీతను సున్నంతో కొట్టేసి, దానికి రెండడుగుల ఇవతల కొత్త గీత గీశారు. ప్రాథమిక ప్రకటన వచ్చి ఆరు నెలలయింది. దాని తేదీ నుంచి 12 నెలల్లో సేకరణను ఖరారు చేసే సెక్షన్ 19 ప్రకటన రాకపోతే మొదటిది రద్దయిపోతుంది కనుక ఆ తేదీని క్యాలెండరులో గుర్తు పెట్టుకున్నాం. కట్టడం విలువ కట్టడానికి ఇంజినీరు వచ్చే వారం వస్తారని వార్డు సచివాలయం నుంచి కబురు వచ్చింది. అరుగు రాళ్లు, సావిడి తలుపులు, ముందు వరస పెంకులు ఎన్నో లెక్కపెట్టి, ఒక్కొక్కటి ఫోటో తీసి పెట్టాను. పరిహారం ఎంత నిర్ణయించారో తెలిసిన రోజున దాని వివరం కూడా ఇక్కడే చేరుస్తాను.